గని మూసే కాగితాన్ని ముందు ఊరికి తెలుగులో చదివి వినిపించండి

మంచిర్యాల, పెద్దపల్లి, ఆదిలాబాద్ జిల్లాల మినరల్ ఫౌండేషన్ ట్రస్టులకు అధ్యక్షులుగా ఉన్న కలెక్టర్లకు, రాష్ట్ర గనులు, భూగర్భ శాఖ సంచాలకులకు, కేంద్ర ప్రభుత్వ గనుల సంస్థ ఇండియన్ బ్యూరో ఆఫ్ మైన్స్ (ఐబీఎం) హైదరాబాద్ ప్రాంతీయ కార్యాలయ అధికారులకు నమస్కరించి రాస్తున్న బహిరంగ లేఖ.

నేను జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలల్లో భౌతిక, రసాయన శాస్త్రాలు చెప్పి పదవీ విరమణ చేసిన ఉపాధ్యాయుడిని. ఇప్పుడు హనుమకొండలో ఉంటున్నాను గానీ, పుట్టిందీ పెరిగిందీ, ఉద్యోగ జీవితంలో సగానికి పైగా గడిపిందీ గోదావరికి ఉత్తరాన ఒక సున్నపురాయి గని పక్క ఊళ్లో. ఆ ఊరి పేరు గానీ, గని యజమాని పేరు గానీ ఈ లేఖలో రాయడం లేదు. మా ఊరి సంగతి చెప్పి, అలాంటి ఊళ్లన్నిటి తరఫున ఒకే ఒక్క విషయం అడగదలచాను కనుక ఆ పేర్లతో పని లేదు. ఎవరికీ సున్నం పెట్టాలన్న ఉద్దేశమూ నాకు లేదు.

అడుగుతున్నది ఇది. ఒక పెద్ద గనికి పర్యావరణ అనుమతి ఇవ్వాలంటే, 2006 నాటి పర్యావరణ ప్రభావ మదింపు నోటిఫికేషన్ ప్రకారం ఆ చుట్టుపక్కల ఊళ్లవాళ్లను పిలిచి బహిరంగ విచారణ జరపాలి, నివేదిక సారాంశాన్ని స్థానిక భాషలో అందుబాటులో ఉంచాలి. షామియానా వేస్తారు, మైకు పెడతారు, కలెక్టరో ఆయన ప్రతినిధో కూర్చుంటారు, తెలుగులో అచ్చేసిన కరపత్రం చేతికిస్తారు. నలభై యాభై ఏళ్లు తవ్వాక అదే గనిని మూసే రోజు వచ్చినప్పుడు మాత్రం షామియానా లేదు, కరపత్రం లేదు. తవ్విన గోతిని, నేలను ఎలా వదలాలో చెప్పే మూసివేత ప్రణాళిక లీజుదారు నుంచి ఐబీఎంకు ఇంగ్లీషులో వెళ్తుంది, ఇంగ్లీషులోనే ఆమోదం పొందుతుంది. ఆ గోతి అంచున ఇకమీదట తరతరాలు బతకవలసినవాళ్లకు అందులో ఏం రాశారో తెలియదు. తెరిచేటప్పుడు తెలుగు పనికొచ్చింది, మూసేటప్పుడు ఎందుకు పనికిరాదు? ప్రతి సున్నపురాయి గని మూసివేత ప్రణాళికనూ ఆమోదానికి ముందే తెలుగులో రాయించి, గ్రామసభలో చదివి వినిపించి, సభ చెప్పిన మాటలను ప్రణాళికకు జతచేసే ఏర్పాటు చేయండి. తక్కిన లేఖంతా ఈ అభ్యర్థనకు కారణాలే.

సున్నపురాయి అందం అనగానే మన తెలుగువాళ్లకు బొర్రా గుహలు, బెలూం గుహలు గుర్తొస్తాయి. వాననీరు గాలిలోని, నేలలోని బొగ్గుపులుసు వాయువును కలుపుకొని పలచని ఆమ్లంగా మారి, పగుళ్లలోకి దిగి, రాయిని కొంచెం కొంచెంగా కరిగిస్తూ లక్షల ఏళ్లలో ఆ గుహలను మలిచింది. బెలూంలో మూడు కిలోమీటర్లకు పైగా అలా నీరు తొలిచిన దారులున్నాయి. మా వైపు రాయి అలా గుహలుగానో శిఖరాలుగానో పైకి కనిపించదు. పైన నల్లరేగడి, దాని మీద పత్తి, కింద పలక మీద పలకగా పేర్చినట్టున్న రాయి. బస్సులో పోయేవాడికి మా ప్రాంతం చదునుగా, చూడడానికి ఏమీ లేనట్టుగా ఉంటుంది. మా నేలలోని విశేషం కనబడేది మనిషి తవ్విన గోతిలోనే. దీపావళి వెళ్లాక పొద్దుటిపూట గని అంచున నిలబడి చూస్తే, ఎదుటి గోడ మీద బూడిదరంగు, లేత ఊదా, అక్కడక్కడ దాదాపు నలుపు చారలు అడ్డంగా పరుచుకొని, ఏనుగులు ఎక్కదగిన మెట్లలా ఒక్కొక్క బెంచీ కిందికి దిగుతూ ఉంటుంది. అట్టడుగున నిలిచిన నీళ్లు ఆకుపచ్చా నీలమూ కలిసిన రంగులో ఉంటాయి. మేఘాలు లేని రోజున ఆ రంగు నమ్మశక్యంగా ఉండదు. ఇప్పుడైతే పెళ్లికి ముందు ఫొటోలు తీయించుకోవడానికి కార్లు వేసుకొని వస్తున్నారు.

ఆ చారల వయసు సుమారు వంద కోట్ల సంవత్సరాలు. అప్పటికి చేప లేదు, శంఖం లేదు, ఆల్చిప్ప లేదు. భూమ్మీద ఉన్న జీవం దాదాపు అంతా కంటికి కనిపించని సూక్ష్మజీవులూ, వాటి నాచుపొరలూ. ఆనాటి సముద్రం అడుగున పేరుకున్న సున్నపు బురదే ఈ రాయి. 1870ల్లో విలియం కింగ్ అనే భూగర్భ శాస్త్రవేత్త ప్రాణహిత-గోదావరి లోయను సర్వే చేసి, 1881లో అచ్చయిన తన నివేదికలో ఇక్కడి శిలాసమూహాలకు మన పేర్లే పెట్టాడు. పెన్‌గంగా నది పేరు ఒక సమూహానికి, నర్సంపేట దగ్గరి పాకాల చెరువు పేరు ఇంకొక సమూహానికి స్థిరపడ్డాయి. తర్వాతివాళ్లు మల్లంపల్లి పేరూ ములుగు పేరూ చేర్చారు. అలాంటి పాత రాళ్ల మీద భూగర్భ శాస్త్రవేత్తలు రాసే పత్రాల్లో పాకాల పేరు కనబడుతుంది. వరంగల్‌లో డిగ్రీ చదివే పిల్లలకు ఆ సంగతి తెలియదు. వాళ్లను తప్పుపట్టలేను, నాకే యాభై ఏళ్లు దాటాక తెలిసింది.

ఈ రాయితో మా బంధం సిమెంటుతో మొదలు కాలేదు. దసరాకు పది రోజుల ముందు మా నాయనమ్మ బట్టీ నుంచి తెప్పించిన సున్నపు గడ్డలను వాకిట్లో గోళెంలో వేసి నీళ్లు పోసేది. ఒక నిమిషం ఏమీ జరగనట్టే ఉండి, ఉన్నట్టుండి గోళెమంతా కుతకుతా ఉడికేది, పొయ్యి లేకుండా ఆవిరి లేచేది. పిల్లలం దగ్గరికి పోతే తిట్టేది, కళ్లలో పడితే కళ్లు పోతాయని. తెల్లారేసరికి అది వెన్నలా చల్లబడి ఉండేది. అందులో కాస్త నీలిమందు కలిపి గోడలకు పూసి, కింద జాజు అంచు దిద్దేవాళ్లు. తర్వాత బడిలో పాఠం చెప్పేటప్పుడు ఆ గోళెమే నాకు ఉదాహరణ అయింది. నూరు కిలోల స్వచ్ఛమైన సున్నపురాయిని దాదాపు 900 డిగ్రీల వేడిలో కాలిస్తే 56 కిలోల సున్నం మిగిలి, 44 కిలోల బొగ్గుపులుసు వాయువు గాలిలో కలుస్తుంది. ఆ సున్నానికి నీరు తగిలితే పుట్టే వేడే మా నాయనమ్మ గోళెంలో ఉడికింది. విచిత్రమేమిటంటే, అదే రాయి ఇళ్ల సున్నం కోసం బట్టీలోకి పోతే చట్టం లెక్కలో చిన్నతరహా ఖనిజం, సిమెంటు కొలిమిలోకి పోతే ప్రధాన ఖనిజం. రాయికి ఆ తేడా తెలియదు.

మధ్యాహ్నం రెండు గంటల ప్రాంతంలో సైరన్ మోగేది. ఆ మోతకు ఆడవాళ్లు గూట్లోంచి గాజు సామాన్లు దించి కింద పెట్టేవాళ్లు. నేను డిక్టేషన్ ఆపేవాణ్ని. కాసేపటికి నేల కింద ఏదో దొర్లినట్టు ఒక కుదుపు, కిటికీ రెక్కల చప్పుడు, ఆ తర్వాత డంపర్ల రొద. మళ్లీ డిక్టేషన్. పెంకుటిళ్ల గోడలు బీటలిచ్చిన మాట నిజం, చేలలో పత్తి ఆకుల మీద తెల్లటి పొడి పేరుకున్న మాటా నిజం. వీటి మీద చాలామంది చాలాసార్లు అర్జీలు పెట్టారు కనుక నేను వాటి దగ్గర ఆగడం లేదు. అయితే ఒక మాట చెప్పాలి. మా బడిలో చదివిన పిల్లల తండ్రుల్లో మూడింట ఒకరికి ఆ గనే అన్నం పెట్టింది. డ్రిల్లర్లు, డంపర్ డ్రైవర్లు, క్రషర్ దగ్గర కాంట్రాక్టు కూలీలు, ప్యాకింగ్ ప్లాంటులో బస్తాలు మోసే హమాలీలు. నా దగ్గర చదివిన ఇద్దరు ఆ జీతాల మీదే ఇంజనీర్లయ్యారు. గని రావడం తప్పని నేననడం లేదు. తవ్వకం ఆగాక ఊరికి మిగిలేది ఏమిటో ఊరికి చెప్పకపోవడం తప్పంటున్నాను.

ఎందుకంటే, ఆగిన గని ఎలా ఉంటుందో మేం చూశాం. మా ఊరి శివారులో పాత గోతి ఒకటి తవ్వకం ఆగి నాలుగేళ్లయింది. కంచె వేశారు, ఏడాది తిరిగేసరికి కంచె తీగ ఎవరో పట్టుకుపోయారు. ఒక దసరా సెలవుల్లో తొమ్మిదో తరగతి పిల్లవాడు బర్రెలను కడగడానికి అందులోకి దిగి తిరిగి రాలేదు. వాడికి ఈత వచ్చు. చెరువులో పెరిగినవాడు. అందుకే పోయాడని నేననుకుంటాను.

దీన్ని కొంచెం వివరించాలి. చెరువు అడుగు వాలుగా ఉంటుంది. మనిషి దిగుతుంటే నీళ్లు మోకాలికి, నడుముకు, మెడకు వస్తూ ఇక చాలు, వెనక్కి రా అని చెబుతాయి. గని గోతిలో ఆ వాలు లేదు. యంత్రాలు తిరగడానికి వీలుగా రాయిని బెంచీలుగా కోస్తారు. పది అడుగుల మేర చదునుగా మోకాలి లోతు నీళ్లుంటాయి, పదకొండో అడుగు దగ్గర బెంచీ అంచు వస్తుంది, దాని కింద నిలువునా ఏడెనిమిది మీటర్లు. నీటి రంగులో ఆ అంచు కనబడదు. సున్నపు నీళ్లకు తడిసి జారుడుబండలా ఉన్న గోడకు చెయ్యి ఆనదు, కాలు ఆనదు. బర్రెలు ఈదుకుంటూ వేరే పక్క డంపర్ల పాత దారి గుండా పైకొచ్చాయి. అంటే దారి ఉంది, కానీ ఊరివైపు లేదు.

కాకతీయుల చెరువుల గురించి వరంగల్‌వాళ్లం పొద్దున లేస్తే గర్వంగా చెప్పుకుంటాం. గణపతిదేవుని కాలంలో 1213 ప్రాంతంలో కట్టిన పాకాల చెరువు ఇప్పటికీ పొలాలకు నీరిస్తున్నది. దానికి కట్ట ఎక్కడుండాలో, తూము ఎక్కడుండాలో, మత్తడి దూకే నీళ్లు ఎటు పోవాలో ఎవరో ఆలోచించారు. గని గోతి కూడా రేపు చెరువే అవుతుంది, మనం ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా. తవ్వకం నడుస్తున్నన్నాళ్లూ మోటార్లతో నీళ్లు తోడి బయటికి పోస్తారు, మోటార్లు ఆపిన వానాకాలమే అది నిండడం మొదలుపెడుతుంది. ఊరికి ఒక కొత్త చెరువు పుడుతున్నప్పుడు దాని గట్టు ఎక్కడ, పశువులు దిగే రేవు ఎక్కడ, పిల్లలు పోకూడని అంచు ఎక్కడ అని అడగవలసినది ఎవరిని? ఆ నీళ్ల దగ్గరికి రోజూ పోయేవాళ్లనే కదా.

పిల్లవాడు పోయిన మరుసటి ఏడాది నేను సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి ఆ గని మూసివేత ప్రణాళిక నకలు తెచ్చుకున్నాను. వందకు పైగా పేజీలు, పటాలు, నేల కోతల బొమ్మలు, నీటి పరీక్షల పట్టికలు. బాధ్యతగా చేసిన పనే, ఇంజనీరుకు వంక పెట్టడానికి లేదు. మా ఊరి ప్రస్తావన అందులో రెండు వాక్యాలుంది. తవ్విన గోతిని గ్రామస్థుల ఉపయోగం కోసం నీటి నిల్వగా ఉంచుతామని ఒకటి, చుట్టూ కంచె వేస్తామని ఇంకొకటి. నేను వాటిని తెలుగులో రాసుకొని రచ్చబండ దగ్గర చదివాను. అక్కడున్న పెద్దమనిషి ఒకాయన, జీవితంలో బడి మొహం చూడనివాడు, వెంటనే అడిగాడు: “మా ఉపయోగానికే అయితే కంచె ఎందుకు సార్? కంచె వేసేదుంటే మా ఉపయోగం ఎట్ల?” ఆమోదం తెలిపిన కార్యాలయంలో ఆ ప్రశ్న ఎవరికీ తట్టినట్టు లేదు. తట్టకపోవడం వాళ్ల తప్పు కూడా కాదు, వాళ్ల బర్రెలు అక్కడ నీళ్లు తాగవు. ఆ ఒక్క ప్రశ్న ఆమోదానికి ముందు వచ్చి ఉంటే, ఊరివైపు రెండు బెంచీలను పగలగొట్టి ఆ రాయితోనే వాలు చేసి ఒక రేవు దించి ఉండేవాళ్లు. యంత్రాలు అక్కడే ఉన్నాయి, వారం రోజుల పని. ఈ లేఖ మొత్తానికి మూలం ఆ ప్రశ్నే.

ఇప్పుడే ఎందుకు రాస్తున్నానో చెబుతాను. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టాన్ని 2015లో సవరించినప్పుడు, అంతకు ముందు ఇచ్చిన లీజుల్లో సొంత కర్మాగారాల అవసరాలకు తవ్వుకునే వాటికి 2030 మార్చి 31 వరకు, లేదా పాత పొడిగింపు ముగిసేవరకు, లేదా మొదట ఇచ్చిన నాటి నుంచి 50 ఏళ్లు నిండేవరకు, వీటిలో ఏది ఆలస్యమైతే అంతవరకు గడువు ఇచ్చారు. మన ఉత్తర తెలంగాణలో సిమెంటు పరిశ్రమ 1950ల చివర మంచిర్యాలతో మొదలై, 1960ల చివరికి బసంత్‌నగర్, 1980ల్లో దేవాపూర్, ఆదిలాబాద్ చేరింది. పాత లీజుల్లో చాలావాటికి ఆ 2030 తేదీయే ముఖ్యమవుతుంది. కొన్ని మళ్లీ వేలానికి వచ్చి తవ్వకం సాగవచ్చు, రాయి అయిపోయినవి మూతపడవచ్చు. 2017 నాటి ఖనిజ సంరక్షణ, అభివృద్ధి నియమాల ప్రకారం తుది మూసివేత ప్రణాళికను మూసివేతకు రెండేళ్ల ముందే సమర్పించాలి. అంటే 2028 మార్చి నాటికి ఈ కాగితాలు మీ బల్లల మీదికి వస్తాయి. అప్పుడు అడిగితే సమయం లేదంటారు. ఇప్పుడు ఉంది.

ఆదిలాబాద్ సంగతి వేరేగా చెప్పుకోవాలి. అక్కడ కేంద్ర ప్రభుత్వ రంగంలోని సిమెంటు కర్మాగారంలో ఉత్పత్తి 1998లో ఆగిపోయింది. తెరవాలని ఒకరు, తెరవడం కుదరదని ఇంకొకరు ఇన్నేళ్లుగా అంటూనే ఉన్నారు. ఆ వాదంలోకి నేను దిగను. కానీ ఉత్పత్తి ఆగడమూ గని మూయడమూ ఒకటి కాదని, ఆ రెండింటి మధ్య ఊళ్లు ఒక తరం కాలం ఎదురుచూస్తూ ఉండిపోవచ్చని అది చూపిస్తున్నది.

డబ్బు లేదనే మాట ఈ విషయంలో నిలవదు. యంత్రాలతో తవ్వే పెద్ద గనులకు, వాడకంలోకి తెచ్చిన హెక్టారుకు 5 లక్షల రూపాయల చొప్పున మూసివేత పని చేసి తీరతానన్నందుకు లీజుదారు ముందుగానే ఆర్థిక పూచీ ఇవ్వాలని ఆ 2017 నియమాలకు 2021లో చేసిన సవరణ చెబుతున్నది. వంద హెక్టార్ల గనికి అది 5 కోట్లు. అది చాలకపోతే, గనుల దెబ్బ తగిలిన ఊళ్ల కోసం లీజుదారులు కట్టే జిల్లా మినరల్ ఫౌండేషన్ నిధి మీ చేతుల్లోనే ఉంది. దాని లెక్క నేను పిల్లలకు చెప్పినట్టే చెబుతాను. యాభై కిలోల సాధారణ పోర్ట్‌లాండ్ సిమెంటు బస్తాలోకి సుమారు 70 కిలోల సున్నపురాయి పోతుంది. టన్నుకు 80 రూపాయల రాయల్టీ చొప్పున ఆ రాయి మీద ప్రభుత్వానికి వచ్చేది 5 రూపాయల 60 పైసలు. పాత లీజులైతే రాయల్టీలో 30 శాతం ఫౌండేషన్‌కు అదనంగా కట్టాలి కనుక బస్తాకు 1 రూపాయి 68 పైసలు మా ఊళ్ల పేరు మీద జమవుతుంది. హైదరాబాద్‌లో లేచే ప్రతి అపార్ట్‌మెంటులోని ప్రతి బస్తా వెనుకా మాకు ఆ రూపాయి అరవై ఎనిమిది పైసలున్నాయన్నమాట. చిన్న మొత్తమే, కానీ బస్తాలు చిన్న లెక్కలో లేవు. ఆ నిధిలో పెద్ద వాటాను తాగునీరు, పర్యావరణం, ఆరోగ్యం, విద్య వంటి ప్రాధాన్య రంగాలకే ఖర్చు పెట్టాలని కేంద్ర మార్గదర్శకాలున్నాయి. గోతికి రేవు కట్టడం ఆ పద్దుల్లో దేనిలోకి రాదో చెప్పండి.

మూసిన గని ఊరికి ఎలా దక్కవచ్చో బయటి ఉదాహరణ ఒకటి చెప్పకుండా ఉండలేను, ఎందుకంటే అందులో ఒక పురుగు కథ ఉంది. కెన్యాలో మొంబాసా దగ్గర సిమెంటు కోసం పగడపు సున్నపురాయి తవ్వి వదిలేసిన నేలను బాగుచేసే పనిని 1971లో రెనే హాలర్ అనే వ్యవసాయ శాస్త్రవేత్తకు అప్పగించారు. మట్టి లేని ఆ బండ మీద ఆయన 26 రకాల చెట్లు నాటితే బతికినవి మూడే. వాటిలో బాగా నిలబడింది మన కోస్తావాళ్లకు బాగా తెలిసిన సరుగుడు. చెట్లు పెరిగాయి గానీ రాలిన సరుగుడు ఆకు కుళ్లలేదు, మట్టిగా మారలేదు. అప్పుడు ఆయన రోకలిబండ పురుగులను తెచ్చి వదిలాడు. అవి ఆ ఆకును తిని, తిన్నదాన్ని విసర్జించి, ఏళ్ల తరబడి మట్టిని తయారుచేశాయి. ఇప్పుడక్కడ అడవి ఉంది, నీటి కుంటలున్నాయి, జంతువులున్నాయి, చూడడానికి జనం వస్తున్నారు. మన దగ్గర సరుగుడే నాటాలని నేననను. రాతినేలలో సీతాఫలం పెంచడం మా ఊరి ఆడవాళ్లకు ఎవరూ నేర్పనక్కరలేదు. కానీ ప్రణాళికల్లో మొక్కల జాబితా రాసేముందు ఎవరైనా వాళ్లను అడిగారా? నేను చదివిన ప్రణాళికలో యూకలిప్టస్ ఉంది. మేక కూడా ముట్టని చెట్టు. తవ్వకం ముగిసిన నేలను మళ్లీ పశువుల మేతకు పనికొచ్చేలా గడ్డి పెంచి ఇవ్వాలన్న షరతును లీజుల్లో పెట్టాలని 2020 జనవరిలో సుప్రీంకోర్టు ఆదేశించింది. ఏ గడ్డి, ఎక్కడ, ఎవరి పశువులకు అన్నది గ్రామసభలో కాక ఇంకెక్కడ తేలుతుంది?

అధికారులకు ఉత్తరం రాస్తే ఏమవుతుందని మా అబ్బాయి నవ్వాడు. ఒకసారి ఒక ఉత్తరం వల్ల ఏమైందో వాడికి చెప్పాను. 1983లో డెహ్రాడూన్‌లోని ఒక స్వచ్ఛంద సంస్థ, ముస్సోరీ కొండల్లో సున్నపురాయి తవ్వకాల వల్ల ఊటలు ఎండిపోతున్నాయని, కొండచరియలు విరిగిపడుతున్నాయని సుప్రీంకోర్టుకు ఉత్తరం రాసింది. కోర్టు ఆ ఉత్తరాన్నే పిటిషన్‌గా స్వీకరించి, 1985లో చాలా గనులను మూయించింది. దేశంలో పర్యావరణం మీద తొలి పెద్ద తీర్పుల్లో అదొకటి. గనులు మూతపడితే పని పోయే కూలీలను, అక్కడే చెట్లు నాటే పనిలో, నేల కాపాడే పనిలో వీలైనంతగా పెట్టుకోవాలని ఆ ఉత్తర్వులోనే ఉంది. నాకు ఆ తీర్పులో అన్నిటికన్నా నచ్చేది ఈ మాట. గని మూసేటప్పుడు బెంచీలను వాలు చేయడానికి డ్రిల్లర్ల కంటే, డంపర్ డ్రైవర్ల కంటే బాగా తెలిసినవాళ్లు ఎవరుంటారు? మూసివేతను కూడా ఒక పనిగా లెక్కించి ఆ పనికి వాళ్లనే పెట్టుకుంటే, ఆఖరి జీతం తర్వాత ఇంకో రెండేళ్లు వాళ్ల ఇళ్లలో పొయ్యి వెలుగుతుంది.

షెడ్యూల్డ్ ప్రాంతంలోని గోండు, కొలాం గూడేల విషయంలో ఈ అభ్యర్థన అభ్యర్థనగా కూడా ఉండకూడదు. షెడ్యూల్డ్ ప్రాంతాల స్వపరిపాలన కోసం వచ్చిన 1996 నాటి పెసా చట్టం గ్రామసభకు ఇచ్చిన స్థానం మీకు తెలుసు. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో గిరిజనేతరులకు గని లీజులు ఇవ్వకూడదని 1997లో సుప్రీంకోర్టు సమతా కేసు తీర్పు ఇచ్చింది కూడా బొర్రా గుహలున్న అనంతగిరి మండలంలోని గనుల మీదే. అక్కడ చదివి వినిపించే భాష తెలుగు ఒక్కటే అయితే చాలదు, గోండి, కొలామి తెలిసినవాళ్లనూ పిలవాలి.

నాకు ఎదురయ్యే అభ్యంతరాలు తెలుసు. మూసివేత ప్రణాళిక సాంకేతిక పత్రం, ఊరివాళ్లకు అర్థం కాదని ఒకటి. బెంచీని మా ఊళ్లో మెట్టు అంటారు, రాయి మీద తీసి పోసే మట్టిని పైమట్టి అంటారు, నీళ్లు తోడే పంపు ఉన్న గుంతను సంపు అంటారు. మూడు తరాలుగా ఆ మాటలు పలుకుతున్నవాళ్లకు ఆ పనే అర్థం కాదనడం సరికాదు. గ్రామసభ పెడితే ప్రతివాడూ ఉద్యోగం అడుగుతాడు, నష్టపరిహారం అడుగుతాడు, అసలు విషయం పక్కకు పోతుందని ఇంకొకటి. అది నిజమే, అడుగుతారు. నేను ఊళ్లో రెండు బహిరంగ విచారణలు చూశాను, రెండింటిలోనూ అరుపులే ఎక్కువ. అయినా అరుపుల మధ్య కంచె గురించి అడిగే మనిషి ఒకడుంటాడు. మినిట్స్ రాసేవాళ్లు ఆ మాట రాసుకుంటే చాలు. మూడోది, దీనికి కొత్త సభలు, కొత్త ఖర్చు అని. 2018 నాటి తెలంగాణ పంచాయతీరాజ్ చట్టం ప్రకారం గ్రామసభ రెండు నెలలకోసారి ఎలాగూ జరగాలి. ఆ సభల్లో ఒకదానికి గని ఇంజనీరు పటం పట్టుకొని వస్తే సరిపోతుంది.

ఇంకొక చిన్న కోరిక ఉంది, ఇది మాస్టారుగా నాది. ప్రతి మూసిన గనిలో ఒక్క గోడను, భద్రత చూసుకొని, నీళ్లకు దూరంగా, మట్టి కప్పకుండా వదలండి. దానికి ఒక మెట్లదారి, ఒక బోర్డు. కాకతీయ విశ్వవిద్యాలయం నుంచి గానీ మా జిల్లా పరిషత్ బడుల నుంచి గానీ పిల్లలు వచ్చి, చేత్తో ఆ చారలు తడిమి, ఒక ముక్క మీద పలచని హైడ్రోక్లోరిక్ ఆమ్లం చుక్క వేసి బుడగలు పొంగడం చూడగలిగితే, నేను ముప్పై ఏళ్లు నల్లబల్ల మీద రాసింది వాళ్లకు ఐదు నిమిషాల్లో అర్థమవుతుంది.

ప్రణాళికలను తెలుగులోకి మార్చడానికి మనిషి దొరకడం కష్టమని మీ కార్యాలయాలు అంటే, నేను ఉన్నాను. నాలాంటి విశ్రాంత ఉపాధ్యాయులు మరికొందరూ సిద్ధంగా ఉన్నారు. జీతం అక్కర్లేదు, మంచిర్యాల దాకా వచ్చిపోయే చార్జీలు మేమే పెట్టుకుంటాం. ఒక్క గనితో మొదలుపెట్టండి. 2028 కన్నా ముందు, వానలు తగ్గి గోతిలో నీళ్లు తేరుకున్న ఒక నెలలో, ఒక గ్రామసభకు ఆ కాగితం పంపండి. చదవడానికి నేను వస్తాను. కంచె గురించి అడిగిన ఆ పెద్దమనిషి ఇంకా ఉన్నాడు, ఆయన కూడా వస్తానన్నాడు.

ఇట్లు,
విధేయుడు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
హనుమకొండ